మంగళవారం బారసాల

భ్రమరాంబ పొద్దున్నే వంటగదిలో వాము వేయిస్తోంది. పొగకి అలారం కూస్తుందేమోనని ఒక చేత్తో గరిటె తిప్పుతూ, రెండో చేత్తో అట్టముక్క విసురుతోంది. చెవులు మాత్రం మేడ మీద గది వైపే ఉన్నాయి. పసివాడు ఏడిస్తే ఎందుకేడుస్తున్నాడోనని భయం. ఏడవకపోతే అంతకంటే భయం.

కూతురు రేణుక ప్రసవించి నాలుగో రోజు. నిన్ననే ఆస్పత్రి నుంచి ఇంటికి వచ్చారు. నరసరావుపేట నుంచి కాయం, కారప్పొడి, చెవుల్లో పెట్టుకోవడానికి దూది కూడా మోసుకొచ్చింది భ్రమరాంబ. శాన్ రామన్‌లో దూది దొరకదా అని కూతురు నవ్వితే, దొరక్కపోతేనో అంది.

రేణుక మెల్లగా మెట్లు దిగివచ్చింది. "అమ్మా, తొమ్మిదింటికి బయల్దేరాలి. పిల్లల డాక్టర్ అపాయింట్‌మెంట్."

"ఇవాళ మంగళవారం."

"తెలుసు."

"మంగళవారం నాడు పసిగుడ్డుని గడప దాటిస్తారంటే? రేపటికి మార్చుకో."

"ఇక్కడి డాక్టర్లకి మంగళవారం కూడా పనిరోజే అమ్మా."

వెనకే అల్లుడు రూయ్ కారు సీటు పట్టుకుని వచ్చాడు. పోర్చుగీసువాళ్ళబ్బాయి. వాళ్ళ పెద్దలు అట్లాంటిక్ సముద్రంలో ఉన్న దీవుల నుంచి కాలిఫోర్నియాకి వలస వచ్చారు. చిన్నప్పుడే తల్లి పోతే నాయనమ్మ పెంచింది. "అత్తయ్యా, టిఫిన్?" అన్నాడు. తెలుగులో అతనికి వచ్చిన పది మాటల్లో అవి రెండు. ఆమె తల అడ్డంగా ఊపగానే, "ఓ, ట్యూజ్‌డే" అని తనే సర్దుకున్నాడు.

ఆ ట్యూజ్‌డే సంగతి అతనికి పూర్తిగా తెలీదు. పెళ్ళయిన ఈ మూడేళ్ళలో అత్తగారు మంగళవారం మంచినీళ్ళు తప్ప ఏమీ ముట్టదని తెలుసు. ఇండియాలో బుధవారం తెల్లారగానే, అంటే ఇక్కడ మంగళవారం సాయంత్రం, ఫోన్ చేసి "అల్లుడుగారు ఇంటికొచ్చారా" అని అడుగుతుందని తెలుసు. తెలుగువాళ్ళ ఆచారం కాబోలు అనుకున్నాడు. తను కారు దిగిన వెంటనే భోజనాల బల్ల దగ్గర ఒక ఫోటో తీసి ఆమెకి పంపేవాడు.

రేణుకకి మాత్రం ఆచారం కాదని తెలుసు. అది కుజదోషం. రేణుక జాతకంలో కుజుడు కూర్చోకూడని చోట కూర్చున్నాడని, మొగుడికి గండమని సిద్ధాంతి చెప్పిన రోజు నుంచి భ్రమరాంబ నిద్రపోలేదు. జాతకమంటే ఏమిటో తెలీని ఇంట్లో కూతురు తనకు తానుగా పెళ్ళి కుదుర్చుకుంటే, ఆమె కళ్ళనీళ్ళతో అక్షింతలు వేసింది తప్ప ఆ మాట పైకి అనలేదు. ఉపవాసం మాత్రం మొదలుపెట్టింది.

క్లినిక్‌లో నర్సు తలుపు తీసి, "మార్తిం?" అని పిలిచింది. ఎవరూ లేవలేదు. ఎదురుగా ఒక చైనా దంపతులు కూర్చున్నారు. వాళ్ళ బాబే అయ్యుంటాడని భ్రమరాంబ వాళ్ళకేసి చూసి, లేవండి అన్నట్టు సైగ కూడా చేసింది. ఈలోగా రేణుక ఒళ్ళో బిడ్డని ఎత్తుకుని తనే లేచింది.

తిరుగుప్రయాణంలో భ్రమరాంబ వెనకసీట్లో మనవడి పక్కన కూర్చుంది. వాడి టోపీ రెండుసార్లు సర్దింది.

"బారసాల కాకుండా పేరేందే?" అంది చివరికి.

"పేరు ఆస్పత్రిలోనే రాయించాం అమ్మా. ఇక్కడ అంతే."

"మాతో ఒక మాటైనా అనొద్దా? నాకు నోరు తిరిగేదో లేదో. ఇంతకీ దాని అర్థం ఏంటి?"

రేణుక సీటుబెల్టు సర్దుకుంది. ఆ ప్రశ్న మాత్రం రూయ్‌కి ఎలాగో అర్థమైంది. తేలిక ఇంగ్లీషులో సంబరంగా మొదలుపెట్టాడు. అది తన తాతగారి పేరట. పోర్చుగల్‌లో పాత పేరట, ఇప్పుడు మళ్ళీ పిల్లలకి బాగా పెడుతున్నారట. రోమన్లకి యుద్ధదేవుడు ఒకడున్నాడట. మార్స్. ఆ మార్స్‌కి చెందినవాడే మార్తిం.

"మార్స్ అంటే?" అంది భ్రమరాంబ.

రేణుక ముందు సీట్లోంచి వెనక్కి తిరగలేదు. "కుజుడు" అంది.

కారు సిగ్నల్ దగ్గర ఆగింది. భ్రమరాంబ చెయ్యి తనకు తెలీకుండానే పసివాడి గుండె మీదికి పోయింది. కొట్టుకుంటోంది. అయినా చెయ్యి తియ్యలేదు.

"ఇంకో మాట. బారసాల ఇరవై ఒకటో రోజు కాదమ్మా, పదకొండో రోజే. నవంబరు పదకొండున" అంది రేణుక.

"వచ్చే మంగళవారమా?"

"వచ్చే మంగళవారమే."

*

ఫోన్లో భర్త కేశవరావు అంతా విని, "వాళ్ళ పిల్లాడు, వాళ్ళ పేరు. నువ్వు కారప్పొడి పెట్టి వచ్చేయ్" అన్నాడు. ఆయన ఎప్పుడూ ఇంతే. ఇల్లు తగలబడుతున్నా బీడీకి నిప్పు అడుగుతాడు.

అందుకని ఆమె సాయంత్రం పార్కులో హనుమయ్యగారికి చెప్పుకుంది. పక్కవీధిలో కొడుకు దగ్గరికి వచ్చిన పెద్దాయన. పార్కు బెంచీ మీద అమ్మానాన్నల గుంపులో పంచాంగం తెలిసింది ఆయనొక్కడికే. ఆయన కళ్ళజోడు తుడుచుకుని, "కుజుడు అగ్నికారకుడమ్మా. రక్తం, దెబ్బలు, అన్నదమ్ముల తగాదాలు, అన్నీ ఆయనవే. తల్లికే దోషమంటున్నారు, మళ్ళీ ఆ పేరే బిడ్డకా? కోరి కొరివితో తల గోక్కోవడం" అన్నాడు.

ఇంటికొచ్చేసరికి భ్రమరాంబకి పొయ్యి మీద నీలిమంట కూడా ఎర్రగా కనిపించింది. మూడు రోజులు పసివాడు తుమ్మితే కుజుడు, బొడ్డు దగ్గర చర్మం కందితే కుజుడు. కొండల మీద ఎక్కడో ఫైరింజన్ కూత వినబడినా కుజుడే.

శనివారం మధ్యాహ్నం రేణుక కాయం ఉండ మింగుతుంటే తల్లి ఎదురుగా నిలబడింది.

"పేరు మార్పించు. లేదా నా టికెట్ మార్పించు. ఆ పేరు రాసిన పళ్ళెం ముందు పీట మీద నేను కూర్చోను."

"కూర్చోవద్దు."

"అల్లుడుగారికి నువ్వు చెప్పలేకపోతే నేనే చెప్తా. వాళ్ళ తాతగారి పేరే కావాలంటే వెనకాల ఎక్కడో తగిలించుకోమను. పిలవడానికి వద్దు."

"రూయ్‌కి ఎందుకు చెప్తావు? ఆ పేరు అతను అడగలేదు, నేనడిగాను."

భ్రమరాంబ పక్కనున్న కుర్చీ లాక్కుని కూర్చుంది.

"వాళ్ళింట్లో పేర్లన్నీ చెప్పుకుంటూ పోతున్నాడు. మార్తిం అన్నాడు. అర్థం ఏంటన్నాను. మార్స్ అన్నాడు. ఇదే, అన్నాను. ఇంకో పేరు వినను కూడా వినలేదు."

"తెలిసి తెలిసీనా?"

"తెలిసే. ఇరవై నాలుగో ఏట నుంచి ఆ గ్రహం పేరు చెప్పి నన్ను ఎన్ని సంబంధాల ముందు కూర్చోబెట్టి లేపారో గుర్తుందా? ఎవరింటికి జాతకం వెళ్ళినా అక్కడి నుంచి ఒకే మాట. మొగుణ్ణి మింగే పిల్ల. విజయవాడవాళ్ళు అరటిచెట్టుతో పెళ్ళి చేయించమన్నారు. లీవు పెట్టి వస్తే చేయించారు. పట్టుచీర కట్టి, దానికి తాళి కట్టినట్టు చేసి, తర్వాత నా కళ్ళముందే దాన్ని నరికారు. సంబంధం అప్పుడూ తప్పిపోయింది. ఆ చెట్టు ఏం చేసిందమ్మా? నేనేం చేశాను?"

"అవన్నీ నీ మంచికేనే."

"నా మంచికే. ఇప్పుడు నా మంచికే వాడికి ఆ పేరు పెట్టాను. మార్తిం, అన్నానికి రా. మార్తిం, చెప్పులు విప్పు. రోజంతా ఆ పేరే పిలుస్తాను. పిలిచి పిలిచి, అది వట్టి పిల్లాడి పేరు అయిపోవాలి నాకు. భయపడేవాళ్ళని వాళ్ళింట్లో కూర్చుని భయపడమను."

గొంతులు పెరగడం విని రూయ్ బిడ్డని భుజాన వేసుకుని వచ్చాడు. మాటల మధ్య కొడుకు పేరు, తన పేరు అతని చెవిన పడ్డాయి. "వాట్ అబౌట్ మీ?" అన్నాడు.

రేణుక ఇంగ్లీషులో అతనికి చెప్పేసింది. మంగళవారం ఉపవాసం ఎందుకో, ఫోన్ ఎందుకో, ఫోటో కోసం అత్తగారు ఎందుకు కాచుకుని ఉంటుందో. నువ్వు పోతావని, అంది. భ్రమరాంబకి ఇంగ్లీషు అంతగా రాకపోయినా ఆ మాట అర్థమైంది. తల వంచుకుంది. ఇప్పుడతను ఇంట్లోంచి పొమ్మన్నా తప్పులేదనుకుంది.

రూయ్ బిడ్డని రేణుక చేతికిచ్చాడు. తర్వాత ఆమె పక్కన సోఫాలో కూర్చుని, రేణుకకేసి చూస్తూ ఒక్కో మాటా తెలుగు చేయమన్నాడు.

"మూడేళ్ళూ, ప్రతి మంగళవారమూ, నేను బతికి ఉండాలని అన్నం మానేశారా?"

భ్రమరాంబ తలూపింది.

"మా అమ్మ ఉంటే కూడా అంత చేసేది కాదేమో" అన్నాడతను. రేణుక ఆ మాట తెలుగులో రెండుసార్లు చెప్పింది. అయినా పంతం వదల్లేదు. "పేరు మాత్రం అదే" అని తనవంతుగా కలిపింది.

భ్రమరాంబ టికెట్ మాట మళ్ళీ ఎత్తలేదు. కానీ పీట మీద కూర్చోను, వంట చేస్తాను అంది.

*

మూడు రోజులు విడవకుండా వాన పడింది. మంగళవారం పొద్దున్న మబ్బు విరిగి, నవంబరులో ఎండ ఏప్రిల్‌లా కాసింది. ఆ రోజు ఇక్కడ మాజీ సైనికుల పేరున సెలవు కావడంతో వీధిలోని తెలుగువాళ్ళందరూ వస్తామన్నారు.

అందరికంటే ముందు రూయ్ నాయనమ్మ ఫిలొమీనా వచ్చింది. మనిషి పొట్టి. నల్ల స్వెట్టరు, చేతిలో పెద్ద సంచి. నిండా గోధుమరంగు పెంకున్న చెస్ట్‌నట్ కాయలు. నేరుగా వంటగదిలోకి వచ్చి, చిన్న కత్తి తీసి, ఒక్కో కాయకీ గాటు పెట్టసాగింది. గాటు లేకపోతే పొయ్యిలో పేలిపోతాయట. భ్రమరాంబ చూస్తూ నిలబడలేక తనూ ఒక చాకు అందుకుంది. ఇద్దరికీ ఒక్క మాట కలవదు. ఆవిడ మాటలు రూయ్ ఇంగ్లీషులోకి, రేణుక తెలుగులోకి తిప్పుతుంటే కబుర్లు గాటు పడ్డ కాయల్లా ఒక్కొక్కటీ గిన్నెలో పడ్డాయి.

ఇవాళ సెయింట్ మార్టిన్ అనే పుణ్యపురుషుడి రోజట, మార్తిం అన్నది ఆయన పేరేనట. పోర్చుగల్లో ఈ రోజు ఇవి కాల్చుకు తింటారట. ఆయన రోమ్ సైన్యంలో సిపాయి. యుద్ధదేవుడి పేరు పెట్టుకున్నవాడు.

"మరి ఎంతమందిని చంపాడంట?" అంది భ్రమరాంబ.

"చంపడం కాదమ్మా. చలిలో గుర్రం మీద పోతుంటే దారిలో ఒక బిచ్చగాడు వణుకుతూ కనిపించాడట. కత్తి దూసి తన దుప్పటి రెండుగా కోసి, సగం వాడికిచ్చాడట. అప్పుడు మబ్బులు పోయి ఎండ కాసిందట. అందుకే నవంబరులో ఈ నాలుగు రోజుల ఎండని వాళ్ళు ఆయన వేసవి అంటారు."

"సగమేనా? దేవుడిలాంటి మనిషి మొత్తం ఇవ్వకూడదూ?"

ఈ ప్రశ్న పోర్చుగీసులోకి వెళ్ళేసరికి ఫిలొమీనా పగలబడి నవ్వింది. "మొత్తం ఇస్తే ఆయన చలికి చావడూ? సగం ఉంచుకున్నాడు కాబట్టే ఇద్దరూ బతికారు."

భ్రమరాంబ చాకు ఆపి ఆలోచించింది. "మీవారిది కూడా ఇదే పేరు కదా. ఆయనకి కోపం ఎక్కువా?"

"ఆవు తన్నినా తిట్టేవాడు కాదు. పేకాటలో మాత్రం దొంగాట."

"దెబ్బలేమైనా?"

"కుర్రతనంలో ఆఫ్రికాలో యుద్ధానికి లాక్కుపోయారు. వాళ్ళమ్మ నీలాగే తిండి మానేసింది. ఆయన తిరిగొచ్చాడు. ఇక్కడికొచ్చి జీవితమంతా పాలు పిండాడు. ఎనభై దాటి, తన మంచం మీద, నా చెయ్యి పట్టుకుని పోయాడు. వాళ్ళమ్మే ఆకలికి ఎముకలగూడై, ఆయన తిరిగిరాకముందే మంచం పట్టింది."

ఆ చివరి మాట తెలుగు చేయడానికి రేణుక కాస్త ఆలస్యం చేసింది. చేశాక తల్లికేసి చూడలేదు. భ్రమరాంబ చాకు కడగడానికి వెళ్ళింది.

పది గంటలకి హాలు నిండింది. పళ్ళెంలో బియ్యం పోశారు. రూయ్ పంచెతో తంటాలు పడుతూ పీట మీద కూర్చుని, ఉంగరంతో పేరు రాయడం మొదలుపెట్టాడు. భ్రమరాంబ వంటగది గుమ్మం దగ్గరే నిలబడింది.

హనుమయ్యగారు గొంతు సవరించుకున్నాడు. ఆయన ఉద్దేశం చెడ్డది కాదు.

"భ్రమరాంబగారూ, పెద్దవారు మీరైనా చెప్పొద్దూ? అసలే మంగళవారం, ఆ పైన కుజుడి పేరు. మీరే అన్నారుగా, అమ్మాయి జాతకంలో దోషం ఉందనీ, అల్లుడికి గండమనీ. ఇంకో పేరేదైనా రాయించండి. ఇంతమంది ముందు చెప్తున్నానని కాదు."

వచ్చినవాళ్ళు రేణుకకేసి చూసి, చూపు తిప్పుకున్నారు. రేణుక తల వంచలేదు. బిడ్డని గట్టిగా పట్టుకుని ఎదుటి గోడకేసి చూస్తూ కూర్చుంది.

ఆ చూపు భ్రమరాంబకి తెలుసు. అరటిచెట్టు పక్కన పట్టుచీరలో కూర్చున్న రోజు కూడా పిల్ల సరిగ్గా అలాగే గోడకేసి చూసింది. ఆ రోజు సిగ్గు కాబోలు అనుకుంది తల్లి. సిగ్గు కాదు. నా తరఫున ఒక్కరైనా నోరు విప్పుతారా అని ఎదురుచూసిన చూపు అది. విప్పలేదు. కన్నతల్లి కూడా విప్పలేదు.

భ్రమరాంబ కళ్ళు తుడుచుకుని గుమ్మం దాటి హాల్లోకి వచ్చింది.

"హనుమయ్యగారూ, తప్పు మీది కాదు. పార్కులో వాగింది నేను. ఇప్పుడు అందరి ముందూ చెప్తున్నా, వినండి. మా పిల్లలో ఏ దోషమూ లేదు. మా అల్లుడు అదుగో, పీట మీద కూర్చున్నాడు. మూడేళ్ళలో తుమ్మింది కూడా లేదు, పైగా కాస్త ఒళ్ళు కూడా చేశాడు. గండం గండం అని శుష్కించింది నేను."

"అది కాదమ్మా, శాస్త్రం..."

"శాస్త్రం మీకు తెలుసు, నాకు తెలీదు. నేను చదివింది ఏడో తరగతి. కుజుడు అంతటివాడైతే, పాలు తాగే పసివాడి మీదికా వస్తాడు? వస్తే రానీండి. ముందు నన్ను దాటాలి."

ఎవరో నవ్వారు. ఆమె నవ్వలేదు. మేడ మీదికి వెళ్ళి తన పెట్టె తెరిచింది. అందులో వాళ్ళమ్మ నేత చీర ఉంది. ఉతికి ఉతికి వెన్నలా మెత్తబడింది. పుట్టిన బిడ్డకి కొత్తబట్ట కంటే ముందు పెద్దల పాతబట్ట కట్టాలని తెచ్చి, చింపడానికి చేతులు రాక అలాగే ఉంచింది. చీరా కత్తెరా పట్టుకుని దిగింది.

"మంగళవారం కత్తెర పడతారా?" అన్నాడు హనుమయ్యగారు, ఈసారి చిన్నగా.

"పడతానండీ."

చీరని నడిమికి కత్తిరించింది. ఒక సగంలో మనవణ్ణి చుట్టింది. రెండో సగం మడిచి ఫిలొమీనా ఒళ్ళో పెట్టింది. "మీ ఇంటికొచ్చినప్పుడు అక్కడ పడుకోబెట్టడానికి" అంది తెలుగులోనే. ఎవరూ తిప్పి చెప్పనక్కర్లేకుండానే ఆ ముసలామె ఆ గుడ్డని బుగ్గకి ఆనించుకుంది.

తర్వాత భ్రమరాంబ పీట మీద రేణుక పక్కన కూర్చుంది. రూయ్ రాసిన ఇంగ్లీషు అక్షరాలు ఆమెకి సరిగా చదవను రాలేదు. బిడ్డ చెవి దగ్గర వంగి, హాలంతా వినబడేలా, "మార్తిం. మార్తిం. మార్తిం" అంది. మూడోసారికి గొంతు వణకడం మానింది.

రేణుక ఆమె భుజం మీద తల వాల్చి ఏడ్చింది. శనివారం అంత అరిచినా దొరకనిది, ఇవాళ అడక్కుండా దొరికేసరికి ఏడ్చింది.

"బాలింతవి, ఏడవకు. పాలు ఆగిపోతాయి" అంది తల్లి.

"మళ్ళీ మొదలుపెట్టావా?"

"ఏదో ఒకదానికి భయపడకపోతే నాకు తోచదే."

పొయ్యిలోంచి తీసిన చెస్ట్‌నట్‌లు వేడివేడిగా పంచారు. హనుమయ్యగారు మొహమాటపడుతూ ఒకటి ఒలుచుకుని, "ఉడికిన పనసగింజలా ఉందే" అని ఇంకో నాలుగు జేబులో వేసుకున్నాడు. రూయ్ ఒకటి ఒలిచి అత్తగారి ముందుకు చాపి, గుర్తొచ్చి, చెయ్యి వెనక్కి తీసుకోబోయాడు. ఆమె ఆ చెయ్యి పట్టుకుని ఆపింది. ఆ కాయ తీసుకుని నోట్లో వేసుకుంది. తియ్యగా ఉంది. తర్వాత పాయసం తింది. పులిహోర రెండోసారి వడ్డించుకుంది.

సాయంత్రం వచ్చినవాళ్ళందరూ వెళ్ళాక కేశవరావుకి ఫోన్ చేసింది. నరసరావుపేటలో అప్పుడే తెల్లారింది.

"అల్లుడుగారు ఇంట్లోనే ఉన్నారా?" ఆమె అడిగే మాట ఆయనే ముందు అడిగి నవ్వాడు.

"గిన్నెలు తోముతున్నాడు. మార్తిం పడుకున్నాడు. మీరు కాఫీ తాగారా?"

"తాగా. నువ్వు?"

"నేను కడుపునిండా తిన్నా."

అటు కుర్చీ కదిలిన చప్పుడైంది. "ఇక్కడ బుధవారం వచ్చేసింది. అక్కడ ఇంకా మంగళవారమే కదే?"

భ్రమరాంబ వేళ్ళకి అంటిన పులిహోర పసుపుకేసి చూసుకుంది.

"అవును. మంగళవారమే."